పదిహేడో నంబరు రక్తం

హాజరు గుమాస్తా “పదహారు” అన్నాడు. ఎవరో పలికారు. “పద్దెనిమిది” అన్నాడు. మధ్యలో ఉండాల్సిన పదిహేడు నాలుగు రోజులుగా గాలిలో కలిసిపోతోంది.

ఆ పదిహేడు గేటు బయటే నిలబడి ఉన్నాడు. ఈ రంగుల కార్ఖానాలో పదకొండేళ్లు తొట్టెలు కలిపిన మనిషి. చేతులు కట్టుకుని లోపల వరసలో ఉన్న ఒక్కొక్కడి మొహమూ చూస్తున్నాడు. అంతకుముందు బుర్రన్న తల దించుకుని అతన్ని దాటబోతే వదల్లేదు.

“ఏం బావమరిదీ, దొరికాడా వాడు?”

“ఎవడు బావా?”

“నా బిళ్ళ పెట్టుకుని రక్తమిచ్చినవాడు. రోజూ నా మొహం చూస్తూనే లోపలికి పోతున్నాడు. వాడికి అన్నం ఎలా దిగుతోందో అడగాలనుంది.”

దిగడం లేదు. బుర్రన్నకి ఆ సంగతి బాగా తెలుసు. ఎందుకంటే వాడు తనే.

అసలా ఆలోచనా అతనిదే. ఏ ఆలోచన వచ్చినా ముందు తనకే వస్తుందనే కదా జనం బుర్రన్న అని పేరు పెట్టారు! పోయిన నెల కొత్త నీలం రంగు వచ్చింది. దాని పొడి లేస్తే కళ్లు మండుతాయి, తల తిరుగుతుంది. పొగ లాగేసే పెద్ద ఫ్యాను రెండేళ్లుగా చెడి ఉంది. ఫ్యాను బాగుచేయించండయ్యా అంటే యాజమాన్యం డాక్టర్ని పంపింది. తప్పు ఫ్యానుది కాదట, పీల్చేవాడి రక్తానిదట. కొందరి రక్తం పుట్టుకతోనే ఈ రంగుకు ఆగదట. అలాంటివాళ్లని బియ్యంలో రాళ్లు ఏరినట్టు ఏరేస్తారట.

అప్పుడు బుర్రన్న ముప్పై మంది నంబరు బిళ్ళలూ ఒక బకెట్లో వేయించాడు. చేతికొచ్చిన బిళ్ళ గుప్పిట్లో దాచుకుని ఒక్కొక్కరే లోపలికి వెళ్లి, అక్కడ చొక్కాకి తగిలించుకుని రక్తమిచ్చి, తిరిగొచ్చి బకెట్లో వేసెయ్యాలి. ఏ నంబరు వచ్చిందో పక్కవాడికీ, పెళ్లానికీ చెప్పకూడదని ఒట్టు.

“రేపు ఎవణ్ణి తీసేసినా అది వాడి రక్తం కాదని అందరం ఒక్క నోటితో చెబుదాం. వాళ్ల కాగితం చిత్తు కాగితమైపోతుంది” అన్నాడు. అందరూ ఈలలు వేశారు.

కాగితం వచ్చింది. ముప్పై మందిలో ఒక్కడికే. పదిహేడో నంబరు, వంశపారంపర్య రక్తలోపం, పనికి తగడు. కింద ఇంకో ముక్క: పరీక్షలో మోసం చేసినవారిని కూడా తొలగిస్తాం. ఆ ఒక్క ముక్కతో ఈలలు వేసిన నోళ్లన్నీ కుట్టేసినట్టు మూతపడ్డాయి. బకెట్లోంచి పదిహేడు తీసిన బుర్రన్న నోరు అందరికన్నా గట్టిగా మూతపడింది.

నిన్న అతని మూత్రం టీ డికాషన్ రంగులో వచ్చింది. చిన్నప్పుడు జ్వరం మాత్రలు మింగినప్పుడు కూడా ఒకసారి ఇలాగే వచ్చింది. “వేడి చేసిందిలే” అంది వాళ్లమ్మ. ఇప్పుడు అమ్మ లేదు, ఆ మాటే మిగిలింది. అతను రెండు చెంబుల నీళ్లు తాగి ఊరుకున్నాడు.

ఆ మధ్యాహ్నం చెల్లెలు కబురు పెట్టింది. పిల్లాడికి జ్వరం దిగట్లేదు, ఆసుపత్రికి రమ్మంది. బావ వేరే పని వెతుక్కుంటూ ఎక్కడికో పోయాడు.

ఆసుపత్రి వరండాలో బల్ల మీద నాలుగేళ్ల మేనల్లుడు తల్లి ఒళ్లో వాలిపోయి ఉన్నాడు. వాడి ముక్కు, చెవులు, మొండికేస్తే బిగుసుకునే కింది పెదవి, అన్నీ మేనమామవే. “తొమ్మిది నెలలు మోసింది నేను, పోలిక కొట్టేసింది నువ్వు” అని చెల్లెలు ఎప్పుడూ దెప్పేది.

డాక్టరమ్మ తొందరలో ఉంది. “మలేరియా. జ్వరానికి మందు పడింది. కాలేయంలో దాక్కున్న క్రిమి కూడా చావాలంటే ఇంకో మాత్ర వెయ్యాలి. అది కొందరికి పడదు, రక్తకణాలు పగిలిపోతాయి. పుట్టుకతో వచ్చే గుణం. మీ ఇళ్లల్లో ఎవరికైనా ఉందా?”

చెల్లెలు కొంగు ముడిలోంచి కాగితం తీసింది. “వాళ్ల నాన్నకి ఉందండీ. కార్ఖానావాళ్లు రాసిచ్చారు.”

డాక్టరమ్మ చదివి తిరిగిచ్చేసింది. “తండ్రి నుంచి కొడుక్కి ఇది రాదమ్మా. మగపిల్లాడికి వస్తే తల్లి వైపు నుంచే. మీ వైపు ఎవరికైనా?”

“మా వైపు లేదండీ. ఇదిగో మా అన్నయ్య. ఈయనకీ అదే పరీక్ష చేశారు, ఏమీ లేదన్నారు. కదన్నయ్యా?”

బుర్రన్న తల ఊగింది. అది ఊగిందని అతనికి తర్వాత తెలిసింది.

“అయితే పరీక్ష అక్కర్లేదు. కిట్లు మూడే మిగిలాయి. నర్సమ్మా, మాత్ర పొడి చేసి ఇచ్చెయ్యండి.”

నర్సు రెండు చెంచాల మధ్య మాత్ర పెట్టి నలిపింది. ఆ కరకర బుర్రన్న పళ్ల కింద వినపడింది.

“వాడు కక్కేస్తాడండీ” అన్నాడు బుర్రన్న.

“చక్కెర కలిపానులే.”

“రేపు వేద్దాం.”

“ఏం, రేపటికి తియ్యనవుతుందా? తప్పుకో నాయనా, వెనక ఇరవై మంది ఉన్నారు.”

నోరు తెరిస్తే తన పని పోతుంది. బకెట్లో చెయ్యి పెట్టిన అందరి పనీ పోతుంది. తెరవకపోతే? చెంచా దగ్గరికొచ్చింది. పిల్లాడు కింది పెదవి బిగించాడు. అచ్చం బుర్రన్న పెదవే.

అతను చెంచాని చేత్తో కొట్టాడు. తెల్లపొడి గచ్చంతా పడింది.

“అన్నయ్యా! పిచ్చి పట్టిందా నీకు?”

“ఆ కాగితం బావది కాదే. ఆ రక్తం నాది.”

బకెట్ కథంతా చెప్పాడు. చిన్నప్పటి జ్వరం మాత్రలు చెప్పాడు, నిన్నటి మూత్రం చెప్పాడు. వెనకున్న ఇరవై మందీ విన్నారు. డాక్టరమ్మ కిట్ తెప్పించి పిల్లాడి వేలు పొడిచింది.

చెల్లెలు అన్న వైపు చూడలేదు. “రోజూ సాయంత్రం మా ఇంటికొచ్చి ఆయన పక్కన కూచున్నావు. ఎవడో వెధవ అని ఆయన తిడుతుంటే నువ్వూ తిట్టావు.”

“తిట్టాను.”

“ఆయనకన్నా గట్టిగా తిట్టావు.”

అరగంట తర్వాత డాక్టరమ్మ వచ్చింది. “ఉంది. ఆ మాత్ర గానీ పడుంటే...” అని ఆగి, బుర్రన్న కింది రెప్ప లాగి చూసింది. “మీ కళ్లూ పచ్చబడ్డాయి. ఇంక ఆ నీలం దగ్గరికి వెళ్లకండి.”

“నేను వెళ్లకపోతే ఇంకొకడు పీలుస్తాడండీ. రక్తం గట్టిదైతే వాడి ఊపిరితిత్తులేమన్నా ఇనపవా?”

“అది నా కిట్‌లో కనపడదయ్యా” అందామె.

చెల్లెలు కొడుకుని పొట్టకి అదుముకుంది. “అయితే వీడికి ఇచ్చింది నేనా?”

“నా ముక్కు నువ్వు చూసి ఇచ్చావా వాడికి? వచ్చింది. ఇదీ అంతే. అమ్మ నుంచి నాకొచ్చినట్టే.”

ఆమె కళ్లు తుడుచుకుంది. “మీ బావకి నేను చెప్పను. రేపు పొద్దున గుమాస్తా పదహారు తర్వాత పద్దెనిమిది అంటాడు కదా. అననివ్వకు.”

మర్నాడు బావ మళ్లీ గేటు బయట ఉన్నాడు. బుర్రన్న వెళ్లి వరసలో నిలబడ్డాడు.

“పదహారు.”

“ఉన్నా.”

“పద్దె...”

“పదిహేడు!” బుర్రన్న అరిచాడు.

గుమాస్తా కళ్లజోడు పైకి తోసుకున్నాడు. “నీది ఇరవై రెండు కదా?”

“బిళ్ళ ఇరవై రెండు. రక్తం పదిహేడు. మా బావ రక్తానికి ఏ లోపమూ లేదు. బిళ్ళలు కలిపేసింది నేనే. రాసుకో.”

గేటు కిర్రుమంది. బావ లోపలికి నడిచొచ్చి బుర్రన్న ఎదురుగా ఆగాడు. చెంప పగిలిందనే అందరూ అనుకున్నారు.

“అన్నం దిగిందా?”

“లేదు బావా.”

బావ అతన్ని చాలాసేపు చూశాడు. క్షమించిన చూపు కాదది. తర్వాత గుమాస్తా వైపు తిరిగాడు.

“రాసుకున్నావా? మమ్మల్నిద్దర్నీ తీసేస్తారో, ముప్పై మందినీ తీసేస్తారో పైవాళ్లనే అడుగు. దాంతోపాటు ఇంకోటి కూడా అడుగు. మా వంశాలు తవ్వి చూశారు కదా, ఆ ఫ్యాను ఎవరి వంశంలో చెడిందో అది కూడా రాసివ్వమను.”

గుమాస్తా పెన్ను ఎత్తలేదు, పద్దెనిమిది అనీ పిలవలేదు. వరసలోంచి ఒక్కరూ తొట్టెల వైపు కదల్లేదు.