సోఫా వెనక చోటు

"అమ్మా, అడ్డం తప్పుకో" అన్నాడు మా అబ్బాయి, ఆరిన బట్టలు తెచ్చి మడతపెట్టడానికి నేను టీవీ ముందు కూర్చోబోతుంటే. వాడూ కోడలూ చూసే జపాన్ బొమ్మల సీరియల్ మొదలైంది. సోఫా వెనక్కి జరిగాను. నా చోటు అదే.

కథ ఒక గూఢచారిది. శత్రు సేనాపతి ఇంట్లో పనిమనిషిగా చేరింది. అంట్లు తోముతుంది, వడ్డిస్తుంది, చీవాట్లు తింటుంది. ఆ ఇంట్లో ఎవరూ ఆమె ముఖంకేసి చూడరు. మాటలు జపాన్ భాషలో ఉంటాయి, కింద తెలుగు అక్షరాలు పరిగెడతాయి.

"ఏం ఓపికరా బాబూ! ఇన్నేళ్ళు ఒక్కడికి అనుమానం రాకుండా!" అంటాడు మావాడు ప్రతిసారీ. "నేనైతే రెండోరోజే దొరికిపోయేదాన్ని" అంటుంది కోడలు. వాళ్ళ బనియన్లు మడతపెడుతూ నేనూ నవ్వుతాను.

"నీకేం అర్థమైందనమ్మా నవ్వుతున్నావు?"

"బొమ్మలు బావున్నాయిరా."

అర్థమవుతుంది. ఆ కింది అక్షరాలు చదవగలను. గ్రంథాలయంలో పెద్దవాళ్ళకి చదువు చెప్పే టీచరమ్మ దగ్గర సాయంత్రాలు నేర్చుకుంటున్నాను. ఇంట్లో మాత్రం మోకాళ్ళ నొప్పికి వ్యాయామమని చెప్పాను. పెళ్ళైన కొత్తలో మా ఆయన పేపరు చదువుతుంటే, "ఇదేం అక్షరమండీ?" అని అడిగాను. "ఆగు, చదివాక పొట్లాలు కట్టుకోవడానికి ఇస్తాలే" అన్నారు. అత్తగారూ ఆడపడుచూ పడీపడీ నవ్వారు. ఆయన పోయారు గానీ ఆ నవ్వు నా చెవుల్లోంచి పోలేదు.

ఆ సీరియల్ అంటే నాకెందుకింత పిచ్చో ఆలోచిస్తే ఒళ్ళు మండుతుంది. ఆమెదీ నాదీ ఒకటే చాకిరీ. కానీ అంట్లు తోమే ఆ మనిషిలో ఇంకో మనిషి ఉందని చూసేవాళ్ళకి తెలుసు. అందుకే ఆమె చీపురు పట్టుకుంటే వీళ్ళు ఊపిరి బిగబట్టి చూస్తారు. నేను చీపురు పట్టుకుంటే కాళ్ళు పైకెత్తుతారు. అంతే.

"కొత్తగా చేరినవాళ్ళకి పొద్దుటిపూట అక్షరాలు దిద్దించడానికి మీరు రాకూడదూ?" అని నిన్న టీచరమ్మ అడిగింది. నేనా, దిద్దించడమా! పొద్దుటిపూటంటే వీళ్ళ క్యారేజీల వేళ. "ఇంట్లో కుదరదేమోనమ్మా" అని నసిగాను. "ఆలోచించుకోండి. వచ్చేట్టయితే ఎల్లుండి పొద్దున వచ్చేయండి" అంది.

ఇవాళ సీరియల్ చివరి భాగం. సేనాపతి ఇంటిల్లిపాదీ భోజనాల బల్ల దగ్గర ఉన్నారు. వడ్డిస్తున్న పనిమనిషి గరిటె కింద పెట్టింది. నడుముకి కట్టుకున్న గుడ్డ విప్పి బల్ల మీద పడేసింది. సరిగ్గా అప్పుడే, "అమ్మా, టీ" అన్నాడు మావాడు, తల తిప్పకుండానే.

నేను లేవలేదు. ఆమె పెదవులు కదిలాయి. కింద అక్షరాలు వచ్చాయి. కూడబలుక్కుంటూ పైకే చదివాను.

"ఈ ఇంట్లో... నా పని... అయిపోయింది."

ఇద్దరూ ఒక్కసారి వెనక్కి తిరిగారు. బొమ్మల పనిమనిషిని చూసినట్టే చూశారు నన్ను, ఊపిరి బిగబట్టి.

"ఏమన్నావమ్మా?"

"నేను కాదురా, ఆవిడ అంది" అన్నాను, మిగిలిన బట్టలు వాడి ఒళ్ళో పెడుతూ. "నేననేది విను. రేపు పొద్దున్నే నేను బడికెళ్ళాలి. క్యారేజీలు మీరే కట్టుకోండి."