ఒట్టి సాంచా

పొద్దుగాల పోలీసు జీపుల రోజారాణిని తెచ్చి మొగని ఇంటిముందట దింపిండ్రు. ఎడమచేతికి ఇంకా కట్టు ఉన్నది. ఆ ఇంట్ల ఉండే హక్కు ఆమెకున్నది, ఆమె మీద చెయ్యి పడకుండ పోలీసోళ్లు కాపలుండాలె అని కోర్టు చెప్పింది.

"మొగన్ని కోర్టుకు గుంజిన దొరసాని దిగింది సూడుండ్రి" అని ఎవడో అంటే గల్లీ అంత నవ్వింది.

ఎదురింట్ల నూలు కండెలు చుట్టే శంకరవ్వ మాత్రం నవ్వలే. రోజారాణి ఆమె దిక్కే చూసింది.

"పెద్దవ్వా, నేను ఒర్లితే రా. నాకు తల్లిగారింట్ల ఎవ్వలు లేరు."

"పో బిడ్డా. పోలీసాయన ఉండె, నేనుంటి."

మొగడు లక్ష్మణ్ ఎనిమిది సాంచాల ఆసామి. మరమగ్గాలను ఆ ఊర్లె సాంచాలంటరు. ఇంటి ముందటి షెడ్డుల ఫ్యాను కింద కాపలకొచ్చిన కానిస్టేబుల్‌కు కుర్సీ ఏసిండు, చాయ తెప్పిచ్చిండు. "పరేషాన్ గాకుండ్రి సార్, జర నకరాల మనిషి అంతే" అన్నడు. కానిస్టేబుల్ ఫోను తీసి అండ్లనే మునిగిండు.

సాంచాలు నడిచే గల్లీల మాటలు వినపడయి. చేతులతోని, పెదవులతోని చెప్పుకుంటరు. మోత ఉన్నదంటే ఇంట్ల పొయ్యి మండుతున్నట్టు. మోత ఆగితేనే అందరు బయటికొచ్చి ఏమైందని అడుగుతరు.

పనోళ్లు బువ్వకు పోయిన యాళ్లకు లక్ష్మణ్ సాంచాలన్నీ ఒక్కపారే చాలు చేసిండు, మోత లేచింది. శంకరవ్వ చెవి ఒక దాని మీద పడ్డది. పోగు లేకుండ ఉరుకుతున్నది అది. ఒట్టి సాంచా చప్పుడు డొల్లగ ఉంటది. మేస్త్రి రిపేరు చేసి నడిపి చూస్తుండు గావచ్చు అనుకున్నది. ఆ గల్లీల ఎవలన్న గట్లనే అనుకుందురు. ఇంకో కండె ఎక్కిచ్చింది.

మోత ఆగేటాళ్లకు రోజారాణి పాణంతోని లేదు.

"మెట్ల మీదికెల్లి జారిపడ్డది" అన్నడు లక్ష్మణ్. ఎస్సై అదే రాసుకున్నడు. "మోతల నాకేం వినపడలే సార్" అన్నడు కానిస్టేబుల్.

శంకరవ్వ ఆ షెడ్డుల పనిచేసే వెంకటి చెయ్యి పట్టుకున్నది. "మేస్త్రి వచ్చిండారా?"

"ఏ మేస్త్రి? రాలే."

ఆమె నడి గల్లీల కూలబడ్డది. "నేను విన్న కొడకా. ఒట్టి సాంచా నడిచింది. విని ఊకున్న."

శవం దవాఖానకు పోయినంక జనం ఎక్కడోళ్లు అక్కడ నిలబడ్డరు. మమతారాణి ముందటికొచ్చింది. మొగడు కొడుతుండని ఆమె గూడ కోర్టుకెక్కింది. "రేపు నా కాపలకొచ్చినోనికి గూడ గిట్లనే కుర్సీ ఏస్తరా?" అని అడిగింది.

"సాంచాలు బంద్ పెడుదాం" అన్నది శంకరవ్వ.

"ఆలుమొగల లొల్లికి బందేందవ్వా? గిది కూలి లడాయి గాదు గద" అన్నడు వెంకటి.

"మన మోత చాటుకే సంపిండుగదరా! నువ్వు నడిపే సాంచా, నేను చుట్టే కండె. గిది మన లడాయి గాకపోతే ఎవలదిరా?"

లేచి తన ఇంట్ల కండెల మిషిని బంద్ చేసింది. పక్కింటోళ్లు చేసిండ్రు. ఒక్కొక్క షెడ్డే ఊపిరి విడిచినట్టు ఆగింది.

తెల్లారి గల్లీ అంత ఠాణాకు నడిచింది. ముందట శంకరవ్వ, ఆమె నెత్తి మీద ఆ కుర్సీ. గేటు ముందట దించి, "సారూ, గిండ్ల కూసున్నాయనను పిలువుండ్రి. లక్ష్మణ్ మీద ఖూనీ కేసు రాయిండ్రి. మమతారాణికి కాపల ఆమె గడపల ఉండాలె, మొగని ఫ్యాను కింద గాదు" అన్నది.

"డ్యూటీకి అడ్డమొస్తే నీ మీదనే కేసయితది ముసల్దానా" అన్నడు ఎస్సై.

"చేసినోళ్లుంటే గద సారూ, అడ్డమొచ్చేటందుకు!"

జనం నవ్విండ్రు. రోజారాణి జీపు దిగిననాటి నవ్వు గాదది. పోలీసోళ్లు శంకరవ్వను వ్యానుల ఎక్కిచ్చిండ్రు. జాలీల నుంచి ఒర్లింది: "సాంచాలు చాలు చెయ్యకుండ్రి!"

పొద్దుమీకి ఆసాములొచ్చి షెడ్లు తెరువుమని గులిగిండ్రు. వెంకటి మెయిన్ స్విచ్చుకు అడ్డం నిలబడ్డడు. గల్లీల పసిపోరల ఏడుపు, బోల్ల చప్పుడు కొత్తగ వినవడుతున్నయి.

అప్పుడే మమతారాణి ఇంట్ల మొగని గొంతు లేచింది. ఒక గిన్నె గోడకు తాకి మోగింది.

గల్లీల తలుపులన్నీ ఒక్కపారే తెరుచుకున్నయి.