మంచం మోసినవాడు

నేను ఒక పదహారు మిల్లీమీటర్ల ఫిల్ము రీలుని. మొత్తం తిప్పితే పదకొండు నిమిషాలు. బొమ్మే గానీ నాకు మాట రాదు. ఎక్కడో ఆనకట్ట కడుతున్న రోజుల్లో ఒక సర్కారు కెమెరామన్ ఎర్రటి ఎండలో నన్ను తీశాడు. డబ్బాలో పెట్టి, పైన ‘మట్టి పనులు’ అని రాసి మరిచిపోయారు. ముప్పై ఏళ్లు గోదాములో పులిసిన వాసన కొడుతూ పడున్నాను.

అరుంధతి వచ్చి మూత తీసింది. ఆమె డాక్యుమెంటరీలు తీస్తుంది గానీ కెమెరా పట్టేది తక్కువ. ఎవరో తీసి పారేసిన పాత ఫిల్ములు వెతికి, తుడిచి, అతికించి కథ చెప్పడమే ఆమె పని. నన్ను చేత్తో తిప్పే చిన్న తెరున్న యంత్రానికి ఎక్కించి చూస్తూ ఒకచోట ఆగిపోయింది. నలుగురు కూలీలు నులకమంచం మోసుకొస్తున్నారు. దాని మీద నిండా దుప్పటి కప్పిన మనిషి. వెనకాల నెత్తి కొట్టుకుంటూ ఒకామె. అంతా పదకొండు సెకన్లు.

‘ఆనకట్ట మింగిన మనిషి’ అని ఆమె వ్యాఖ్యానం రాసింది. నన్ను అతికించి చేసిన ఆ సినిమాతోనే ఆమెకు పేరొచ్చింది. ఇరవై ఏళ్లుగా ఎన్ని సభల్లో జనం నన్ను చూసి కళ్లు తుడుచుకున్నారో! నాకూ కాస్త గర్వం ఎక్కింది. ఏడుపొచ్చిందంటే చాలు, మనుషులు ఇక ఏమీ అడగరు.

మొన్న ఆషాఢంలో పాలమూరు వైపు నుంచి కుర్మయ్య అనే ముసలాయన, కూతురి భుజం పట్టుకుని అరుంధతి గదికి వచ్చాడు.

“టీవీల నీ సినిమ జూసిన తల్లీ. మంచం మీద పండుకున్నది నేనే.”

అరుంధతి కుర్చీలోంచి లేచింది.

“మరి... ఆమె ఏడుస్తోంది కదా?”

“మా వదినె. సలిజొరమొచ్చి నేను పలుకకపోతె బయపడ్డది. ఎండ తగలకుంట దుప్పటి గప్పిండ్రు. నాలుగు దినాలకు లేశి మల్ల మట్టి మోశిన.”

అరుంధతి నన్ను యంత్రానికి ఎక్కించింది. మంచం కనబడగానే “ఆపు తల్లీ!” అని అరిచాడాయన. వేలు మాత్రం తెరపై మంచం మీద పెట్టలేదు. ముందు కోడు పట్టుకుని, కెమెరా వైపు చూసి నవ్వుతున్నవాడి మీద పెట్టాడు.

“మా తమ్ముడు ఊశన్న. నన్ను దవాఖాన్ల దించి పనికి వోయిండు. ఆ మాపే బండల కిందవడ్డడు. పీనుగ గూడ దొర్కలే.”

అరుంధతి ఆ నవ్వే మొహం దగ్గరికి వంగి చూసింది. నేను నిర్ఘాంతపోయాను. ఇరవై ఏళ్లుగా చచ్చినవాణ్ణి చూపిస్తూనే ఉన్నాం, నవ్వుతూ నడుస్తుంటే! చూసినవాళ్లంతా మంచం మీది మనిషికే ఏడ్చారు.

“తప్పయిపోయింది పెద్దయ్యా. సినిమా సరిచేస్తాను,” అందామె చివరికి.

“గా పని తర్వాత జేద్దువు. వాని ఫోటువ ఒక్కటి లేదు మాకు. ఇంకొక్కసారి తిప్పు. వాడు నడుస్తుంటె సూస్త.”

నాలాంటి పాత ఫిల్మును పదేపదే తిప్పకూడదు. ఆ సంగతి నాకంటే ఆమెకే బాగా తెలుసు. అయినా తిప్పింది. తొమ్మిదోసారికి నేను తెగిపోయాను. కుర్మయ్య “అయ్యో!” అని గుండె పట్టుకున్నాడు. ఆమె గబగబా అతికించి మళ్లీ తిప్పింది.

ఇప్పుడు ఆ సినిమాలో అరుంధతి వ్యాఖ్యానం లేదు. ఆ పదకొండు సెకన్లూ కుర్మయ్య గొంతే వినిపిస్తుంది:

“గా ముంగట నడిశెటోని దిక్కు సూడుండ్రి.”