తెల్లచుక్క కోసం

నాకు కోపం ఎక్కువ. నా భార్య ఫహ్మిదాను అడగండి, చాయ్ పోసి కూర్చోబెట్టి మరీ చెప్తుంది. సిరోంచ నుంచి రేగుంట దాకా జీపు నడుపుతాను. రోడ్డంతా గుంతలు, టాపు మీద బస్తాలు, లోపల ఒకరి ఒళ్ళో ఒకరు. కోపం రాక ఏమొస్తుంది? కానీ పోయిన ఎండాకాలం నుంచి నా కోపానికి మనిషి దొరకడం లేదు. ఎవరిని తిట్టాలో తెలియడం లేదు. తిట్టుకోవడానికి ఒక్కడైనా ఉంటే ఇంత భారంగా ఉండేది కాదేమో.

కిష్టన్న నా దోస్తు. రేగుంటలో వరి వేసేవాడు. కోతలయ్యాక పొలంలో పనుండదు కాబట్టి ఎండల్లో తునికాకు కోయడానికి అడవికి పోయేవాడు. మాట తక్కువ మనిషి. ఫోన్ ఉండేది గానీ అది జేబుకు బరువు తప్ప మరెందుకూ పనికొచ్చేది కాదు. పొలంలో దూపైతే మెడ మీది తువ్వాల తీసి తలపైన గుండ్రంగా రెండుసార్లు తిప్పి కిందికి వదిలేవాడు. ఊరి చివర ఇల్లు వాళ్ళది. వాకిట్లోంచి అతని భార్య మల్లక్క అది చూసి నీళ్ళ చెంబుతో బయల్దేరేది.

"రీచార్జ్ అక్కర్లేని ఫోన్ నీదొక్కటే కిష్టన్నా," అని ఎన్నిసార్లు ఎగతాళి చేశానో. నవ్వి ఊరుకునేవాడు.

వాళ్ళకు ఒక్కతే బిడ్డ, సింధూజ. సిరోంచలో బడిపిల్లలకు సైన్సు చెప్తుంది. రోజూ నా జీపులోనే పోయిరావడం. ముందు సీటు ఆమెది. అందులో ఇంకెవరైనా కూర్చుంటే నేను ఊరుకోను. పుస్తకాలు చదివిన పిల్ల అయినా నన్ను నోరారా చాచా అని పిలుస్తుంది.

హోలీ అయిన కొత్తలో ఒకరోజు పొద్దున గుడ్డ చుట్ట ఒకటి చంకలో పెట్టుకొని వచ్చింది. కిష్టన్న కూడా ఏదో పని మీద సిరోంచ వస్తున్నాడు. ఏముంది అందులో అంటే ఇద్దరూ కలిసి నా జీపు బానెట్ మీద పరిచారు. పిల్లలకు చూపించడానికి తెల్లగుడ్డ మీద రంగులతో పట్టీలు పట్టీలుగా వేసింది. పేర్లన్నీ మరాఠీలో రాసింది. సిరోంచ ఉండేది మహారాష్ట్రలో, బడి మరాఠీది మరి.

"గివన్ని ఒక్క జాతియే నాయినా," అంది. "అన్ని వెలుగే. రేడియో పాట, ఫోన్ల మాట ఈ కొసకెల్లి వస్తయి. దవాఖాన్ల బొక్కల ఎక్స్‌రే ఫోటో తీసేది ఆ కొసకెల్లి. నడుమ గిది, మన కంటికి కనవడేది."

ఆమె చూపించిన పట్టీ నా చిటికెన వేలంత కూడా లేదు. కిష్టన్న నడుముకు చేతులు పెట్టుకొని వంగి చూశాడు.

"గింతేనా? మిగిలిందానికంత మనం గుడ్డోళ్ళమేనా బిడ్డా?"

"గంతే."

"మరి తప్పిపోయిన బర్రెను వట్టిచ్చేది ఏది గిండ్ల?"

సింధూజ పకపకా నవ్వింది. ఆ చిన్న పట్టీ పక్కనే ఉన్న ముదురు ఎరుపు మీద వేలు పెట్టింది. "గిది. మరాఠీల అవరక్త అంటరు, మన తెలుగుల పరారుణం. వేడిగున్న ప్రతి దాంట్లకెల్లి ఎల్లుతది. దీన్ని చూసే కెమెరా ఉంటే బర్రె చీకట్ల దాగినా దొరుకుతది. పానమున్నది ఏదీ దాగలేదు నాయినా."

"యా అల్లా, ఫహ్మిదాకు మాత్రం చెప్పకు బిడ్డా," అన్నాను నేను. "ఇగ నేను యాడ దాక్కోవాలె?"

కిష్టన్న అంత గట్టిగా నవ్వడం నేను అదే మొదటిసారి చూడడం. మళ్ళీ చూడలేదు.

వైశాఖం ఎండల్లో ఒకరోజు తునికాకుకు ఊరందరూ ముందే పోతే కిష్టన్న ఆలస్యంగా ఒక్కడే బయల్దేరాడు. ఎర్రబండ గుట్టకు పోతున్నానని మల్లక్కతో చెప్పాడు. రాత్రికి ఇంటికి రాలేదు. తెల్లవారేసరికి ఊరు ఊరంతా గుట్ట చుట్టూ చేరి పేరు పెట్టి పిలిచింది. ముందు వైపంతా వెతికారు. వెనక వైపు నిలువు బండలు. ఎండ ఎక్కాక వాటి మీద చెప్పుకాలైనా నిలవదు. ఇద్దరు కుర్రాళ్ళు సగం దాకా ఎక్కి కళ్ళు తిరిగి కిందికి దిగిపోయారు.

అప్పుడు సింధూజకు అరుణ్‌కుమార్ గుర్తొచ్చాడు. మంచిర్యాల పిల్లాడు, అడవిలో జంతువులను లెక్కపెట్టే పనికి డ్రోన్ పట్టుకొని అహేరిలో దిగాడు. కమలాపూర్ ఏనుగులను చూడటానికి పోతూ ఒకసారి బడికి వచ్చి పిల్లలకు దాన్ని ఎగరేసి చూపించాడట. దానికి వేడిని చూసే కెమెరా ఉంది. సింధూజ నాకు ఆ మాట చెప్తున్నప్పుడు ఆమె ముఖం చూడాలి. నాయిన దొరికినట్టే వెలిగిపోయింది.

నేను జీపు తీశాను. అహేరి రోడ్డు మీద నా బండి ఎన్నడూ అంత జోరుగా పోలేదు. అరుణ్‌కుమార్ అన్నం ముందు కూర్చున్నవాడు అట్లాగే లేచి చెయ్యి కడుక్కొని వచ్చాడు. తర్వాత వాడిని ద్వేషించాలని నేను చాలా ప్రయత్నించాను, అందుకే ఇది చెప్తున్నాను. వాడు మంచి పిల్లాడు.

మేం గుట్ట దగ్గరికి చేరేసరికి సూర్యుడు నడినెత్తిన ఉన్నాడు. అరుణ్‌కుమార్ ఇప్పచెట్టు కింద నిలబడి డ్రోన్ లేపాడు. చేతిలో చిన్న తెర. వెలుతురుకు సరిగ్గా కనిపించకపోతే సింధూజ చున్నీని దాని మీద గొడుగులా పట్టింది. మేమందరం తలలు దూర్చాం.

"తెల్లగ కనిపిస్తే వేడి, నల్లగుంటే సల్లన," అన్నాడు వాడు. "మనిషి వేడిగుంటడు. తెల్లచుక్క కోసం చూడండ్రి."

తెరంతా బూడిద చల్లినట్టుంది. అక్కడక్కడ చెట్ల కింద నలుపు. గుట్ట వెనక్కి పోయేకొద్దీ బండలు తెల్లగా మెరిశాయి. నా కళ్ళ నుంచి నీళ్ళు కారాయి గానీ రెప్ప వేయలేదు. తెల్లచుక్క, తెల్లచుక్క అని లోపల గొణుక్కుంటూనే ఉన్నాను. దువా కూడా అదే చేశాను, ఒక్క తెల్లచుక్క చూపించు మాలిక్ అని.

"గది ఏంది బిడ్డా, నల్లగ?" అంది మల్లక్క.

సింధూజ తెర మీంచి చూపు తిప్పకుండానే జవాబిచ్చింది. "నీడ గావచ్చు అమ్మా. అది సల్లగున్నది. నాయిన పానంతోని ఉంటే వేడిగుంటడు గద, తెల్లగనే కనవడుతడు."

డ్రోన్ ఆ వెనక భాగమంతా అటొకసారి ఇటొకసారి తిరిగింది. బ్యాటరీ అయిపోవచ్చింది. దింపుతూ అరుణ్‌కుమార్ అన్నాడు, "గుట్ట మీద ఎవ్వరు లేరు."

మీరు నమ్మరు, నాకు సంతోషమైంది. లేడంటే పడిపోలేదు, ప్రాణం పోలేదు, ఎక్కడో నడుస్తున్నాడు. అందరి ముఖాల్లోనూ అదే ఆశ. అంతలో బుచ్చన్న అనే ముసలాయన ముందురోజు ప్రాణహిత వైపు ఎవరో మనిషి పోతుంటే చూశానన్నాడు. ఇంకేముంది, ఊరంతా గుట్టను వదిలి నది బాట పట్టింది.

మల్లక్క మాత్రం గుట్ట మొదట్లో కూలబడింది. "గుట్టకే పోతనన్నడు. ఆయన చెప్పినకాడికే పోతడు," అంది.

"మిషిన్ అంత జూసింది గదమ్మా," అని సింధూజ బతిమాలింది. "మనిషి కన్ను మోసపోతది గని అది మోసపోదు. లే అమ్మా, నాయిన నది కాడ ఉంటడు."

బిడ్డ మాట కాదనలేక లేచింది. జీపులో కూర్చున్నాక కూడా మెడ తిప్పి గుట్టనే చూస్తూ వచ్చింది. ఆ సాయంత్రం, మర్నాడంతా ఇసుకలో, రెల్లులో వెతికాం. అవతలి ఒడ్డు జాలరులను కూడా అడిగాం. ఎక్కడా లేడు.

ఆ మర్నాడు ఎండ ఎక్కకముందే తునికాకుకు పోయిన మా ఊరి అంకమ్మ వాళ్ళకు కనిపించాడు. ఎర్రబండ గుట్ట వెనక, బండ మీద, బోర్లా పడి ఉన్నాడు. రెండు బండల నడుమ పడి కాలు విరిగితే అక్కడి నుంచి చేతుల మీద పాక్కుంటూ బయటికి వచ్చినట్టు రక్తపు జాడ ఉంది. నీడలో పడినవాడు ఎండలోకి ఎందుకు వచ్చాడో ఆ రోజు మాకెవరికీ అర్థం కాలేదు. జేబులో ఫోన్ ఉంది, దాంట్లో ఛార్జింగ్ కూడా ఉంది. గుట్ట వెనక సిగ్నల్ లేదు. కుడిచేతిలో తువ్వాల బిగించి పట్టుకొని ఉన్నాడు. విడిపించడానికి నాకు చాలాసేపు పట్టింది.

దవాఖానలో డాక్టర్ చూసి చెప్పాడు, కాలు విరిగినందుకు పోలేదని, ఎండకూ దూపకూ పోయాడని. మొన్న సాయంత్రం దాకా ప్రాణం ఉన్నట్టుందని కూడా అన్నాడు.

"మొన్న పగటీలి?" అని అడిగింది సింధూజ.

"ఉండే ఉంటడమ్మా."

మొన్న పగలు మేమందరం ఇప్పచెట్టు కింద తెరలో తలలు దూర్చి నిలబడి ఉన్నాం.

కర్మలన్నీ అయిపోయాయి. బడులు తెరిచారు. సింధూజ పోలేదు. నేను రోజూ వాళ్ళింటి ముందు జీపు ఆపి హారన్ కొట్టేవాణ్ణి, రాదని తెలిసినా. ముందు సీటు ఖాళీగానే పెట్టుకొని పోయేవాణ్ణి. ఎవరైనా ఎక్కబోతే కసురుకునేవాణ్ణి.

వానలు మొదలైన ఒక సాయంత్రం పలకరించడానికి పోతే అరుగు మీద గోడకానుకొని కూర్చుని ఉంది. చేతిలో ఫోన్.

"చాచా, జర ఇటు రా," అంది. "అరుణ్‌కుమార్‌ను అడిగితే ఆ రోజు వీడియో పంపిచ్చిండు."

పక్కన కూర్చున్నాను. అదే బూడిద రంగు, అదే గుట్ట. డ్రోన్ వెనక్కి తిరిగింది. సింధూజ అక్కడ ఆపి గోరుతో చూపించింది. తెల్లటి బండ నడుమ వడ్లగింజంత నల్లచుక్క. మళ్ళీ నడిపించింది. ఆ చుక్క కదిలింది.

నీడ కదలదు కదా.

"ఎండకు బండ పెనం లెక్క కాలుతది చాచా. ముట్టుకుంటే బొబ్బలు లేస్తయి. మనిషి అంత వేడిగుంటడా? ఉండడు. పానమున్న మనిషి ఆ బండ కంటె సల్లగుంటడు. పొద్దుగాల అయితే తెల్లగ కనవడుతడు, పగటీలి ఎండల నల్లగ కనవడుతడు. గిది నాకు తెల్వదా? పిల్లలకు చెప్పేదాన్ని. చుట్టుపక్కల దాన్ని బట్టే వేడి సల్లన అని నేనే చెప్పేదాన్ని." ఆమె గొంతు పెరగలేదు. అట్లా పెరగకుండా మాట్లాడుతుంటేనే నాకు భయమేసింది. "నల్లగున్నోడే మా నాయిన. మిషిన్ చూపిచ్చింది చాచా. అమ్మ చూసింది. నీడ అన్నది నేను."

"నీ తప్పు కాదు బిడ్డా," అన్నాను. ఆమె నా వైపు చూసిన చూపుకు ఆ మాట అనకపోయినా బాగుండునని అనిపించింది. ఎవరిని తిట్టను? పిలవగానే అన్నం వదిలేసి వచ్చిన ఆ పిల్లాడినా? బండనా? ఎండనా? డ్రోన్ చప్పుడు విని, ఇగ వచ్చిండ్రు అనుకొని, ఆ కాలుతో ఎండలోకి పాక్కుంటూ వచ్చిన నా దోస్తునా?

అంతలో మల్లక్క చాయ్ గ్లాసులతో బయటికి వచ్చింది. "ఏం చూస్తుండ్రు?" అంది.

సింధూజ ఫోన్ దాచబోయింది గానీ అప్పటికే మల్లక్క కూతురి భుజం మీంచి వంగింది. గ్లాసులు అరుగు మీద పెట్టేసింది. వీడియో నడుస్తూనే ఉంది. ఆ నల్లచుక్క పైన సన్నటి నూలుపోగులాంటిది లేచింది. గుండ్రంగా తిరిగింది, ఇంకోసారి తిరిగింది, కిందికి పడిపోయింది. కాసేపటికి మళ్ళీ లేచింది. డ్రోన్ నెమ్మదిగా పక్కకు తిరిగిపోతుంటే ఆ చుక్క తెర అంచుకు జరిగి, సగమై, కనిపించకుండా పోయింది.

మల్లక్కకు వేడి తెలుపనీ చల్లన నలుపనీ తేడా ఏం తెలుసు? ఎవరూ ఆమెకు చెప్పలేదు. అవసరం కూడా లేకపోయింది.

"మీ నాయినే," అంది. "నీళ్ళడుగుతుండు."

సింధూజ అప్పుడు ఏడ్చింది. నాయిన పోయినప్పటి నుంచి మా ముందు ఏడవని పిల్ల, అరుగు మీద పడి తల కొట్టుకుంటూ నీడ అన్నది నేనే అమ్మా, నేనే అని అరిచింది. నేను ఆమె తలను రెండు చేతులతో పట్టుకున్నాను. మల్లక్క ఆమెను తిట్టలేదు, ఓదార్చలేదు. లోపలికి పోయింది. కుండలో చెంబు ముంచిన చప్పుడు వినిపించింది. నిండు చెంబుతో గడప దాటి వచ్చి, వాకిట్లో వానలో నిలబడి, పొలం వైపు చూసింది. తర్వాత గుట్ట వైపు చూసింది. ఎటు పోవాలో తెలియక అక్కడే నిలబడిపోయింది.

నేను లేచి దగ్గరికి పోయి ఆమె చేతిలోని చెంబు తీసుకున్నాను. ఆ నీళ్ళు తాగలేకపోయాను, పారబోయలేకపోయాను.