నారింజ తీగలో పాత మాటలు

దాన్యూబ్ ఒడ్డున మా ఊరి ఆసుపత్రి నేలమాళిగలో, ఫోను తీగల పని చూసే వెలిచ్కా రోజు ఎప్పుడూ ఒకేలా మొదలవుతుంది. పొద్దున తినే జున్ను రొట్టె, బానిత్సా పొట్లం సామాను పెట్టె మీద పెడుతుంది, చేతికంటిన నూనె తుడుచుకుంటుంది, నారింజ రంగు కేబుల్లో వాడకుండా మిగిలిన పోగు ఒకటి తీసి చెవికి ఆనించుకుంటుంది.

అది గాజు తీగ. పాత భవనం నుంచి కొత్త భవనానికి మూడొందల మీటర్లు గాన్చో మేస్త్రి లాగాడు. దాని లోపలి దారి వెడల్పు, అందుకని వెలుగు ఒక్క దారిన పోదు. కొంత తిన్నగా పోతుంది, కొంత గోడలకి కొట్టుకుంటూ వంకరటింకరగా పోయి వెనకబడుతుంది. ఆసుపత్రి ఫోన్లు, స్కాన్ బొమ్మలు అన్నీ దాని మీదే నడుస్తాయి కాబట్టి మరీ ఓరన పడిన మాటలు ఏళ్ల తరవాత చేరుతుంటాయి. ఇందులో ఎవరికీ వింత కనపడదు. నర్సులు కాఫీకి వచ్చి "ఇవాళ ఎవరొచ్చారు?" అని అడిగి పోతారు.

"ఎవరొచ్చారక్కా?" ఆ రోజు కామెన్ అడిగాడు. ఇరవై ఏళ్లుగా ఆమెతో కలిసి నిచ్చెనలెక్కుతున్నవాడు.

"ఎప్పుడో ఇక్కడ పనిచేసిన వంటావిడ. చిక్కుళ్లు ఉడకలేదని ఎవరో తిట్టారట, ఏడుస్తోంది."

"ఇప్పటికీ ఉడకవు," అని ఆవులించాడు.

"రాత్రి పడుకోలేదా ఏంటి?"

"పడుకోవడమంటే పదకొండేళ్ల కిందట ఇక్కడ అపెండిసైటిస్‌కి కోశారు చూడు, అప్పుడు పడుకున్నా. మూడు రోజులు లేవలేదు. ఎందుకో వాళ్లూ చెప్పలేదు, నేనూ అడగలేదు. అలాంటి సెలవు మళ్లీ దొరకలేదు."

ఈ మాట ఆమె వందసార్లు వినుంటుంది. అయినా నవ్వింది. ఆ ఏటి రిజిస్టర్లన్నీ మరుసటి వసంతంలో వరద నీళ్లకి నాని ముద్దయిపోయాయి కాబట్టి కారణం ఇక తెలిసేదీ లేదు.

తొమ్మిదింటికి కామెన్ నిచ్చెనెక్కి గోడకి డ్రిల్లు పెట్టాడు. అవతల నారింజ కేబులు ఉందని మరిచిపోయాడు. తెగిన చప్పుడుకి ఉలిక్కిపడి వెనక్కి తిరిగాడు, నిచ్చెన జారింది, తల సిమెంటు నేలకి తగిలింది. పిలిస్తే పలకలేదు.

స్కాన్ యంత్రం కొత్త భవనంలో ఉంది. సర్జనేమో పాత భవనంలో ఇంకొకరి కడుపు కోసి నిలబడి ఉన్నాడు, కదలలేడు. డిస్కులో ఎక్కించి తెద్దామంటే ఆ పరికరం చలికాలం నుంచి పాడు. స్కాన్ తీసి కామెన్‌ని థియేటర్‌కి తెచ్చారు గానీ బొమ్మలు రావాల్సింది అతను తెంపిన తీగలోంచే.

వెలిచ్కా సామాన్ల గదిలోకి పరుగెత్తింది. రెండు చుట్టలున్నాయి, రెండూ నారింజ రంగే. చేతికందినది లాక్కొచ్చి ముక్క కోసి, రెండు కొసల్నీ యంత్రంలో పెట్టి అతికించింది. వెలుగు వచ్చింది గానీ నీరసంగా వచ్చింది. ఫోన్‌కి ఆ మాత్రం చాలింది, మోగింది. నర్సు పావ్లీనా.

"అక్కా, బొమ్మలు తెరుచుకోవట్లేదు. వాడి కంటిపాప ఒకటి పెద్దదవుతోంది. త్వరగా!"

 వెలిచ్కా ఏం చేయాలో తోచక మిగులు పోగు చెవికి పెట్టుకుంది. ఇన్నేళ్లలో మొదటిసారి అందులో ఏమీ వినపడలేదు. వంటావిడ లేదు, ఎవరూ లేరు.

ఓరన తిరిగే మాటలకి దారి లేదన్నమాట. తాను వేసిన ముక్క సన్నదారిది. వెడల్పు దారిలోంచి సన్నదారిలోకి వచ్చేసరికి అంచున ఉన్న వెలుగంతా బయటే పోతోంది.

వెడల్పు చుట్టకి గాన్చో మేస్త్రి ఏటా మార్చి ఒకటిన, మా వాళ్లంతా వసంతం కోసం చేతికి కట్టుకున్నట్టే, ఎర్ర దారం, తెల్ల దారం మెలేసి కట్టేవాడు, గుర్తుకి. ఆయన పోయాక వెలిచ్కా కడుతోంది. పోయినవారం గేటు దగ్గర ఆలూచా పండ్ల చెట్టు పూసిందని అందరూ ఆనవాయితీగా చేతి దారాలు విప్పి కొమ్మలకి కట్టారు. కామెన్ రెండు కట్టాడు. "రెండోది చుట్టదక్కా. పాపం, దానికీ వసంతం వచ్చింది కదా," అన్నాడు. అప్పుడు తనూ నవ్వింది! ఆ నవ్వు తలుచుకుని ఇప్పుడు తన్ను తాను తిట్టుకుంది.

కళ్లజోడు పెట్టుకుని రెండో చుట్ట మీది చీమతలంత అక్షరాలు చదివింది. అరవైరెండున్నర, వెడల్పు దారి కొలత. ఇదే. తొందరలో గాజు పోగు రెండుసార్లు విరిగింది. మూడోసారి అతుక్కుంది.

"వచ్చాయి!" ఫోన్లో పావ్లీనా అరిచింది. "బుర్రలో నెత్తురు గడ్డకట్టింది. ఇక్కడి కడుపు కుట్టడం అయిపోవచ్చింది, పది నిమిషాల్లో మత్తిస్తాం."

ఊపిరి పీల్చుకుని, అలవాటు కొద్దీ, పోగు చెవికి పెట్టుకుంది. ఆగిపోయిన మాటలన్నీ ఒక్కసారి తోసుకొచ్చాయి. వాటి మధ్య ఒక కటువైన ఆడగొంతు. ఐదేళ్ల కిందట పోయిన డాక్టర్ తోతెవాది.

"నాలుగో వార్డేనా? ఆ అపెండిసైటిస్ కుర్రాడు, కామెన్ దీమోవ్, రెండో రోజు కూడా లేవలేదు. మనం వాడే మత్తు వాడి ఒంటికి పడదు. ఇంకోసారి ఇస్తే గుండె ఆగుతుంది. ఎర్ర సిరాతో రాసుకోండి."

థియేటర్‌కి ఫోన్ చేసింది. ఎత్తలేదు. మూడంతస్తుల మెట్లు ఎలా ఎక్కిందో ఆమెకే తెలియదు. అద్దం తలుపు మీద రెండు చేతులతో బాదింది.

"మత్తు ఇచ్చేశారా?"

లోపల మూతికి గుడ్డతో పావ్లీనా తిరిగి చూసి తల పైకీ కిందికీ ఊపింది.

పరాయి ఊరివాళ్లయితే అక్కడే కూలబడేవాళ్లు. వెలిచ్కా కూడా కూలబడింది, కానీ ప్రాణం లేచొచ్చి. మా దగ్గర తల అలా ఊపితే లేదని అర్థం.

"ఇవ్వకండి. వాడికి అది పడదు. తోతెవా గారు చెప్పారు."

ఎప్పుడు చెప్పారని సర్జన్ అడగలేదు. "ఆవిడ చెప్పిందంటే చెప్పిందే. వేరేది తెండి," అన్నాడు.

మర్నాడు మధ్యాహ్నం కామెన్ కళ్లు తెరిచాడు. తల చుట్టూ కట్టు. పక్కన కుర్చీలో వెలిచ్కా.

"ఎన్నాళ్లయిందక్కా?"

"నిన్నే పడ్డావు."

వాడి మొహం చిన్నబోయింది. "ఒక్క రోజేనా? పోయినసారి మూడు రోజులిచ్చారు."

"నోర్ముయ్‌రా," అంది వెలిచ్కా, వాడి చెయ్యి వదలకుండా వెక్కి వెక్కి ఏడుస్తూ.