మూడో కథలో కుంటివాడు

రోమ్ జర్మన్ల చేతిలో ఉన్న ఆ చలికాలం నేనొక సినిమాకి బట్టలు కుట్టాను. మేరీమాత దయతో జబ్బులు నయమైన నలుగురి కథలు కలిపి తీస్తున్న సినిమా అది. ఊరి దక్షిణపు అంచున ఉన్న పెద్ద చర్చిలో షూటింగు. పనిచేసేవాళ్లందరికీ కార్డులిచ్చారు. కార్డు ఉన్నవాణ్ణి రోడ్డు మీద పట్టుకుని కందకాలు తవ్వడానికి లాక్కుపోరు. అందుకే దర్శకుడు సెల్వా, యాత్రికుల గుంపు కావాలంటూ రెండు వందల మందిని పెట్టుకున్నాడు. వాళ్లలో చాలామంది నటించడానికి కాదు, తలదాచుకోవడానికి వచ్చినవాళ్లు. కొవ్వొత్తుల వెలుగు కుదరలేదనీ, ఎవరో దగ్గారనీ సెల్వా తీసిందే తీస్తూ రోజులు గడిపేవాడు.

మా తమ్ముడు ఫుల్వియో సైన్యం నుంచి పారిపోయి వచ్చాడు. మారుపేరుతో కార్డు ఇప్పించి, మూడో కథలో కుంటివాడి స్ట్రెచర్ మోసే పని పెట్టించాను. ఆ కుంటివాడి వేషం వేసింది లియోనె ఆంతికోలి, బట్టల కొట్టు నడిపిన యూదుడు. అక్టోబరులో ఆయన భార్యనీ, చెల్లెల్నీ జర్మన్లు లారీ ఎక్కించి తీసుకుపోయినప్పుడు ఆయన సరుకు కోసం పక్క ఊరు వెళ్లి ఉన్నాడు. తిరిగొచ్చేసరికి తలుపు తీసి ఉంది, ఇంట్లో ఎవరూ లేరు.

చొక్కాల అంచులు కుడుతూ నేనే ఆయనకి, క్రైస్తవులందరికీ నోటికొచ్చే పరలోక జపం నేర్పాను. ఫుల్వియో పక్కన కూర్చుని ఏడిపించేవాడు.

"ఏం బాబాయ్, పొద్దున సిలువ గుర్తు ఎడంచేత్తో వేశావట? ఫాదర్‌కి గుండె ఆగినంత పనైందిగా."

"మీ అక్క ఎదురుగా కూర్చుని నేర్పిందయ్యా. అద్దంలో చూసినట్టు వేశాను."

మార్చిలో ఒక ఉదయం ఎవరో సమాచారం ఇవ్వడంతో నల్లచొక్కాల వాళ్లు వచ్చారు. జర్మన్లు కాదు, వాళ్లతో చేతులు కలిపిన మన ఫాసిస్టులే. అడ్డం నిలబడ్డ ఫాదర్‌ని పక్కకి నెట్టారు. వాళ్ల అధికారి మర్యాదగానే మాట్లాడాడు. ఇక్కడున్నది భక్తులే కదా, ఒక్కొక్కరూ పరలోక జపం చెప్పండి, అది విని వెళ్లిపోతాను అన్నాడు.

లియోనె స్ట్రెచర్ మీద పడుకునే చెప్పాడు. పసితనం నుంచీ రోజూ చెప్పి విసుగెత్తినవాడిలా, ఎక్కడా తడబడకుండా. అధికారి తలూపి, స్ట్రెచర్ పట్టుకున్న ఫుల్వియో వైపు తిరిగాడు.

ఫుల్వియో మొదటి మాటలు అన్నాడు. తర్వాతివి రాలేదు. మళ్లీ మొదలుపెట్టమన్నారు. మళ్లీ అక్కడే ఆగిపోయాడు. మా అమ్మ ఒళ్లో కూర్చుని నాతోపాటు నేర్చుకున్న జపం అది. నా పెదాలు కదలడం చూసి, ఆ అధికారి నన్ను గోడ వైపు తిరిగి నిలబడమన్నాడు. ఆ తర్వాత జరిగింది నేను విన్నాను, చూడలేదు.

"యూదుడివా?"

"కాదండీ."

"మరి జపం రాదేం?"

"వచ్చండీ. భయమేసి మర్చిపోయాను. నేను యూదుణ్ణి కాదు. ఫుల్వియో తోజ్జి నా పేరు. సైన్యంలో పనిచేశాను."

ప్రాణం దక్కుతుందని చెప్పిన నిజమే వాడి మెడకు చుట్టుకుంది. కార్డులో ఉన్న పేరు వేరు. పారిపోయిన సైనికుడని వాళ్లకి అర్థమైపోయింది. మిగతా వాళ్ల పేర్లు చెప్తే వదిలేస్తానని అధికారి అన్నాడు. అసలు యూదుడు వాడి చేతుల్లోని స్ట్రెచర్ మీదే ఉన్నాడు. వేలు చూపిస్తే చాలు. ఫుల్వియో తనకేమీ తెలియదన్నాడు. కొట్టిన చప్పుడు వినిపించింది. మళ్లీ తెలియదనే అన్నాడు. వాళ్లు వాణ్ణి తీసుకుపోయారు.

మర్నాడు ఆ స్ట్రెచర్ మోయడానికి ఇంకొకణ్ణి పెట్టారు. లియోనె నా దగ్గరికి వచ్చి, "పట్టుకుపోవాల్సింది నన్నమ్మా," అన్నాడు. కాదని ఒక్క మాట అనాలి. నేను అనలేదు. నాకూ అలాగే అనిపించింది. జూన్ దాకా ఆయన చొక్కాలు నేనే కుట్టాను, నేనే ఇస్త్రీ చేశాను. ముఖం మాత్రం చూడలేదు.

జర్మన్లు వెళ్లిపోయాక సినిమా బయటికొచ్చింది, వారం ఆడింది. కుంటివాడు లేచి నడిచే సీను తీసిన రోజున కెమెరాలో ఫిల్మే లేదని, రోజులు గడపడానికి ఖాళీగా తిప్పామని సెల్వా అప్పుడు చెప్పాడు. అందుకే మూడో కథ సగంలో తెగిపోయింది. ఫుల్వియో వీపు రెండుసార్లు కనిపించింది.

ఏడాదిన్నర తర్వాత, నవంబరులో, లియోనె మా ఇంటికొచ్చాడు. తన భార్య కోసం ఆఫీసుల చుట్టూ తిరుగుతూ మావాడి పేరు కూడా అడుగుతున్నాడట. భార్య గురించి ఏమీ తెలియలేదు. ఫుల్వియో గురించి కాగితం దొరికింది. ఉత్తరాన ఒక క్యాంపులో, ఫిబ్రవరిలో, జ్వరంతో పోయాడు. అమ్మకి చదవడం రాదు. నేను కాగితం తిరిగి ఆయన చేతికే ఇచ్చాను. ఆయనే చదివాడు.

అమ్మ ఆ కాగితం తీసుకుని, మడిచి ఒళ్లో పెట్టుకుంది. తర్వాత, "నువ్వెవరు నాయనా?" అంది.

ఆయన నా వైపు చూశాడు. చెప్పొద్దని నేను తల అడ్డంగా ఊపాను.

"మీ అబ్బాయి నన్ను మోసేవాడమ్మా," అన్నాడు ఆయన. ఆ ఉదయం జరిగిందంతా, తను ఎవరో, ఫుల్వియో ఎవరి పేరు చెప్పలేదో, ఒక్కటీ దాచకుండా చెప్పేశాడు. అమ్మ విన్నది. లేచి లోపలి గదిలోకి వెళ్లి తలుపు వేసుకుంది.

ఆయన టోపీ పట్టుకుని నిలబడే ఉన్నాడు. నేను కుర్చీ జరిపి కూర్చోమన్నాను. పొద్దుగూకే దాకా ఇద్దరం అక్కడే కూర్చున్నాం. అమ్మ బయటికి రాలేదు.