తీర్పుకు అడ్డొచ్చిన బట్టతల

క్రైస్తవ ధర్మం యావత్తూ మంగలి కత్తెర మీద ఆధారపడి ఉన్నదన్న పరమసత్యం బొహీమియా దేశంలో ఒక ఉదయం బయటపడింది.

మఠాల్లో చూపే మహిమలన్నీ బూటకాలని బోధించినందుకు హావెల్ పాదిరికి సజీవదహన శిక్ష పడింది. అయితే పాదిరిని పాదిరిగా కాల్చకూడదు. ముందు గురుపట్టం ఊడబీకాలి. పట్టమిచ్చిననాడు నడినెత్తిన గొరిగిన గుండ్రటి గురుతు చెరిగిపోయేలా, చుట్టూ ఉన్న జుట్టు కత్తిరించాలి. బిషప్పుగారు అంగీలన్నీ ఒలిపించి, విచారణ పొడుగునా హావెల్ చలికని తీయని టోపీని చివరగా తీయించారు.

నెత్తి అద్దంలా మెరిసింది.

"ఏలినవారు ఏది కత్తిరించమంటారు?" అన్నాడు మంగలి వీట్.

"ఏదో ఒకటి కత్తిరించవయ్యా."

"చెవులు తప్ప ఏమీ లేవండి."

బిషప్పు హావెల్ వైపు గుర్రుగా చూశారు. "జుట్టేం చేశావయ్యా?"

"తమరి విచారణ ముగిసేదాకా ఆగలేక వెళ్ళిపోయింది, ప్రభూ."

తంతు పూర్తికానిదే నిప్పు పెట్టరాదు. జుట్టు మొలిచేదాకా చెరలో ఉంచమని ఆజ్ఞ అయింది. వాకిట్లో జనం మోకరిల్లారు. వాళ్ళలో ముసలి బోజెనా హావెల్ సంకెళ్ళు ముద్దాడింది.

"నిన్ను కాపాడాలని దేవుడే వెంట్రుకలు మాయం చేశాడు. ఇది మహిమే కదా, నాయనా?"

మహిమలు లేవని చెప్పడానికే చావుకు సిద్ధపడ్డ హావెల్ నోరు తెరిచాడు. పేర్చి ఉన్న కట్టెలు కంటబడ్డాయి.

"అంతా ఆయన దయ, అమ్మా," అన్నాడు.

హావెల్ తండ్రికి ముప్పై నిండకముందే బట్టతల వచ్చింది.